ఎక్కించినవాడిది కాదట, ఎక్కినవాళ్ళదట తప్పు!

మిరపకోతల రోజుల్లో తెల్లవారుఝామున ఏ వూరి సెంటరులో నిలబడినా కనిపించేది ఇదే. సద్దిగిన్నెలు చంకన పెట్టుకొని ఆడకూలీలు పదీ పదిహేనుమంది నిలబడి వుంటారు. ముఠా మేస్త్రీ ఆటో తెస్తాడు. ముగ్గురు కూర్చోవలసిన చోట ఆరుగురు, డ్రైవరుకు అటొకరు ఇటొకరు, వెనుక కాళ్ళు వేలాడేసుకొని మరో ముగ్గురు. "ఇంతమందిమి పట్టమయ్యా" అని ఎవరన్నా అంటే, "పట్టకపోతే దిగు, వచ్చేవాళ్ళు ఇంకా వున్నారు" అంటాడు మేస్త్రీ. దిగితే ఆ రోజు కూలి పోయినట్టే. అందుకని ఎవరూ దిగరు.

ఆ ఆటో క్షేమంగా చేరితే ఎవరికీ పట్టదు. చేరకపోతే మాత్రం పోలీసు మొదలు బీమా కంపెనీ వకీలు దాకా అందరూ ఒకటే అడుగుతారు: "అంతమంది ఎందుకెక్కారు?"

ఈ ప్రశ్న గురించే ఈసారి రాయదలచాము. ఇది వూరికే అడిగే ప్రశ్న కాదు, దీనికి రూపాయల్లో ధర వుంది. రోడ్డు ప్రమాదంలో దెబ్బతిన్న మనిషికి రావలసిన నష్టపరిహారంలో "ఇందులో నీ నిర్లక్ష్యం కూడా వుంది" అని నూటికి పదో, ఇరవయ్యో, యాభయ్యో కోసివేసే పద్ధతి కోర్టుల్లో వుంది. తప్పు నిజంగా వున్నచోట కోత వుంటే మేము కాదనము. తాగి బండి నడిపినవాడూ, ఎదురుదారిలో దూసుకువచ్చినవాడూ తన వంతు తాను మోయవలసిందే. కాని కూలికోసం కిక్కిరిసిన బండి ఎక్కడమే తప్పు అని లెక్కగట్టి, విరిగిన చేతికి వచ్చే డబ్బులో సగం కోయడం న్యాయం కాదు. అది చట్టమూ కాదు. కాదని తెలియక మనం సంతకాలు పెడుతున్నాం. పెట్టించినవాళ్ళలో మేమూ వున్నాం.

మేము చేసిన పొరపాటు

2017లో మా మండలంలో జరిగింది. టైరు పేలిన లారీ ఒకటి రాత్రంతా తారురోడ్డు మీదనే నిలబడి వుంది. వెనుక లైటు లేదు. కనీసం నాలుగు రాళ్ళు, ఒక చెట్టుకొమ్మ కూడా అడ్డం పెట్టలేదు. తెల్లవారుఝామున మంచులో మన కూలీల ఆటో పోయి దానికి గుద్దుకున్నది. డ్రైవరు కుర్రవాడు అక్కడికక్కడే పోయాడు. పదకొండుమంది ఆడవాళ్ళకు దెబ్బలు తగిలాయి. అందులో 35 ఏళ్ళ మనిషి ఒకామెకు కుడిచేయి మోచేతి దగ్గర నుజ్జయింది. ప్లేట్లు వేశారు. చేయి నిలిచిందే కాని పైకి లేవదు.

పోలీసులు ఎఫ్‌ఐఆర్‌లో ఏమి రాశారు? "ఆటో డ్రైవరు అతివేగంగా, అజాగ్రత్తగా నడిపి" అని రాశారు. చనిపోయినవాడు లేచివచ్చి జవాబు చెప్పడు కదా! లైటు లేకుండా నిలబెట్టిన లారీ సంగతి ఒక్క ముక్క లేదు. కేసు వేస్తే లారీ తాలూకు బీమా కంపెనీ "తప్పంతా ఆటోది" అన్నది. ఆటో తాలూకు బీమా కంపెనీ "ముగ్గురికి పర్మిట్టుంటే పదకొండుమంది ఎక్కారు, మాకు సంబంధం లేదు" అన్నది. నాలుగేళ్ళు వాయిదాలు తిరిగాక లోక్ అదాలత్‌లో లారీ కంపెనీ రాజీకి వచ్చింది: సగం తప్పు ఆటోది కాబట్టి సగమే ఇస్తాం, ఎక్కువమంది ఎక్కారు కాబట్టి అందులోనూ కొంత తగ్గిస్తాం అని.

వకీలు పుచ్చుకోమన్నాడు. మేమూ అదే అన్నాం. "తిరగలేకపోతున్నావు, వచ్చింది పుచ్చుకో అమ్మా" అన్నాం. ఎడమచేతి వేలిముద్ర వేసింది. బయటికి వచ్చి చెట్టుకింద కూర్చున్నాక అడిగింది: "లారీని నేను నిలబెట్టలేదు. ఆటోని నేను నడపలేదు. ఇందులో నా తప్పు ఎక్కడుందన్నా?"

మాకు జవాబు తోచలేదు. తర్వాత తెలిసినవాళ్ళను అడిగి, తీర్పులు చదివించుకొని చూస్తే తేలిందేమిటంటే, ఆమె అడిగిందే చట్టం. చదువురాని మనిషికి తోచిన న్యాయం, పదిమందికి దారి చూపుతామని తిరిగే మాకు తోచలేదు. లోక్ అదాలత్‌లో రాజీపడ్డాక దానిమీద అప్పీలు లేదు. ఆమెకు మేము చేయగలిగిందేమీ మిగలలేదు. ఇంకొకరికి అలా జరగకూడదని ఇది రాస్తున్నాం.

రెండు రకాల తప్పు

కోర్టుల్లో రెండు సంగతులున్నాయి. వకీళ్ళు వాటిని ఇంగ్లీషులో ఒకదాని పక్కన ఒకటి పెట్టి మాట్లాడతారు, మనకు రెండూ ఒకటిగా వినిపిస్తాయి. ఒకటి, దెబ్బతిన్న మనిషి తానే కొంత నిర్లక్ష్యం చేసి ప్రమాదానికి కారణం కావడం. అప్పుడు అతని పరిహారంలో అతని వాటా మేరకు తగ్గిస్తారు. రెండోది, వేరే ఇద్దరు తలా కొంత తప్పుచేసి, ఏ తప్పూ చేయని మూడో మనిషిని దెబ్బకొట్టడం. అప్పుడు ఆ మూడో మనిషి పరిహారంలో పైసా తగ్గించకూడదు.

మన భాషలో చెప్పుకుందాం. గట్టు తగాదాలో ఇద్దరు కర్రలు తిప్పుకుంటూ దారినపోయే కూలివాడి తల పగలగొట్టారనుకోండి. పంచాయితీలో మొదటివాడు "సగం దెబ్బే నాది, సగం వైద్యానికే ఇస్తాను" అంటే పెద్దమనిషన్నవాడు ఒప్పుకుంటాడా? "ముందు వాడి వైద్యం మొత్తం చూడు, తర్వాత నువ్వూ అతనూ లెక్క తేల్చుకోండి" అంటాడు. చట్టం చెప్పేదీ ఇదే. రెండింటికీ తేడా ఏమిటో 2008లో ఆంథొనీ కేసులో సుప్రీంకోర్టు విడమరిచి చెప్పింది. 2015లో ఖెన్యేయి కేసులో ఇంకా తేటగా చెప్పింది: రెండు బండ్ల తప్పువల్ల దెబ్బతిన్న మూడో మనిషి, ఆ ఇద్దరిలో ఎవరి దగ్గరనుంచైనా మొత్తం పరిహారం రాబట్టుకోవచ్చు, తమలో తమకు వాటాలేమిటన్నది వాళ్ళ గొడవ.

2024 సెప్టెంబరులో సుష్మా కేసులో వచ్చిన తీర్పు మన ఆటో కథకు అచ్చంగా సరిపోతుంది. హెచ్చరిక లైట్లు లేకుండా హైవే మీద నిలబెట్టిన ట్రక్కును ఒక కారు గుద్దుకున్నది. కింది కోర్టులు సగం తప్పు కారు డ్రైవరుదని చెప్పి, కారులో కూర్చున్నవాళ్ళ తాలూకు పరిహారంలోనూ సగం కోశాయి. సుప్రీంకోర్టు ఆ కోత కొట్టివేసింది. డ్రైవరు తప్పును ప్రయాణీకుల నెత్తిన రుద్దడానికి వీల్లేదన్నది. ఆటోకైనా కారుకైనా న్యాయం ఒకటే.

మా మండలం కేసు 2017 నాటిది. 2015 తీర్పు అప్పటికే వుంది. లారీ కంపెనీ దగ్గర మొత్తం అడిగే హక్కు ఆ పదకొండుమందికీ వుంది. బీమా కంపెనీ వకీలుకు అది తెలియదా? తెలుసు. మనకు తెలియదని కూడా అతనికి తెలుసు.

ఎక్కడమే తప్పా?

ఇక మిగిలింది "ఎక్కువమంది ఎక్కారు" అన్న మాట. 2020 జనవరిలో మహమ్మద్ సిద్దీఖ్ కేసులో సుప్రీంకోర్టు దీన్నీ చూసింది. ఒకే మోటారుసైకిలు మీద ముగ్గురు పోతుంటే వెనుకనుంచి కారు గుద్దింది. ముగ్గురు ఎక్కడం తప్పేనని హైకోర్టు నూటికి 10 వంతు కోసింది. సుప్రీంకోర్టు ఆ కోత తీసివేసింది. ముగ్గురు ఎక్కడం చట్టాన్ని మీరడమే కావచ్చు; కాని ఆ మీరడం వల్లనే ప్రమాదం జరిగిందనో, దెబ్బ పెద్దదయిందనో చూపించాలి; అది చూపకుండా కోత పెట్టకూడదన్నది. లైసెన్సు లేదన్న ఒక్క కారణంతో తప్పులో వాటా వేయరాదని 2008లోనూ 2018లోనూ చెప్పింది. బండ్లు రోడ్డు మీద ఎక్కడ పడివున్నాయో చూపే పంచనామా పటాన్ని మాత్రమే పట్టుకొని, వేరే సాక్ష్యం లేకుండా తప్పులో వాటా తేల్చరాదని 2013లో చెప్పింది.

కాబట్టి బీమా కంపెనీ వకీలును అడగవలసిన ప్రశ్న ఇది: "ఆటోలో ముగ్గురే వుంటే ఆ చీకటి లారీ కనబడేదా?" పదకొండుమంది బరువుకు బ్రేకు పడలేదనో, ఆటో అదుపు తప్పిందనో అంటారా, రుజువు చేయండి. రుజువు చేసినా ఆ తప్పు ఎక్కించుకొని నడిపినవాడిది, తోలించిన మేస్త్రీది. వెనుక కూర్చున్న మనిషిది ఎలా అవుతుంది?

ఇంగ్లండులో 1842లో ఒక గాడిద కేసు నడిచింది. ఒకతను తన గాడిద ముందుకాళ్ళకు బంధం వేసి బాట మీద వదిలాడు. వేగంగా వచ్చిన బండి దాన్ని తొక్కి చంపింది. గాడిదను అలా వదలడం తప్పేనని బండివాడు వాదించాడు. తప్పయినా కావచ్చు, జాగ్రత్తగా తోలితే దాన్ని తప్పించగలిగేవాడివి కదా అని కోర్టు గాడిద యజమానికి డబ్బిప్పించింది. నూట ఎనభై ఏళ్ళ కిందట కాళ్ళకు బంధంవేసిన గాడిదకు దొరికిన న్యాయం, ఆకలి బంధంతో ఆటో ఎక్కిన మన ఆడకూలీలకు ఇవాళ ఎందుకు దొరకదు?

కోత అంటే ఎన్ని రోజుల కూలి?

నూటికి యాభై అంటే మాటకు తేలికగా వుంటుంది. కూలిలోకి మార్చి చూద్దాం. 35 ఏళ్ళ మనిషి, రోజుకు 300 రూపాయల కూలి, నెలకు 9,000 అనుకోండి. ఏడాదికి 1,08,000. ముందుముందు కూలి పెరుగుతుంది కాబట్టి, 40 ఏళ్ళ లోపు వాళ్ళకు నూటికి 40 కలపాలని 2017 ప్రణయ్ సేథీ తీర్పు. మొత్తం 1,51,200. ఆ వయసుకు 16తో హెచ్చవేయాలని 2009 సరళా వర్మ తీర్పు. 24,19,200 అవుతుంది. సంపాదించే శక్తి సగం పోయిందని తేలితే అందులో సగం, 12,09,600. మందుల ఖర్చు, పడిన బాధకు ఇచ్చేది దీనికి అదనం.

ఇందులో సగం కోస్తే పోయేది 6,04,800 రూపాయలు. అంటే 2,016 రోజుల కూలి. వాన, పండుగ, జ్వరం ఏదీ లేకుండా రోజూ పని దొరికినా ఐదున్నరేళ్ళ కష్టం.

ఈ కోతకు ముందే ఇంకో కోత వుంటుంది. కూలికి రశీదు లేదు కాబట్టి నెలకు 6,000 చాలునని లెక్క కట్టడం. అప్పుడు 12,09,600 కాస్తా 8,06,400 అవుతుంది. అందులో సగం తప్పు మనదంటే 4,03,200 మిగులుతుంది. పన్నెండు లక్షలు నాలుగు లక్షలయింది! గోరుచుట్టు మీద రోకటిపోటు అంటే ఇదే. కూలివాడి దగ్గర కాగితం అడగడం న్యాయం కాదని 2011లో రామచంద్రప్ప అనే కూలీ కేసులో సుప్రీంకోర్టు అతను చెప్పిన కూలినే ఒప్పుకున్నది. 2010లో రాజ్‌కుమార్ కేసులో ఇంకో మాట చెప్పింది: డాక్టరు రాసిన నూటికింత అన్న అంకె చూసి ఆగిపోవద్దు, ఆ అవయవం పోతే ఆ మనిషి పని ఎంత పోయిందో చూడమన్నది. ఎడమచేయి పోయిన గుమాస్తా మళ్ళీ కలం పట్టవచ్చు. కుడిచేయి లేవని మనిషి మిరపకాయ కోస్తుందా, నాటు వేస్తుందా?

చట్టమే అడ్డుపడే చోట్లు

తీర్పులన్నీ మన పక్షమేనని చెప్పి మిమ్మల్ని మభ్యపెట్టం. పర్మిట్టుకు మించి ఎక్కినప్పుడు, బీమా వున్నంతమంది మేరకే కంపెనీ బాధ్యత అని 2007లో అంజనా శ్యామ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మిగతావాళ్ళు యజమానిని అడగాలి. యజమాని అప్పుచేసి ఆటో కొన్నవాడైతే ఏమి ఇస్తాడు? 2011లో పూనమ్ కేసులో కొంత వూరట వచ్చింది: కంపెనీ మొత్తం డబ్బు కట్టి, తన వంతుకు మించినది యజమాని దగ్గర రాబట్టుకోమన్నారు. మనం ఎప్పుడూ ఈ తీర్పు పట్టుకొని అడగాలి.

ట్రాక్టరు ట్రాలీ సంగతి మరీ అన్యాయం. 2018 ఏప్రిల్ 6న నల్లగొండ జిల్లా పీఏపల్లి మండలంలో మిరపచేలకు పోతున్న ట్రాక్టరు కాలువలో పడి 9 మంది ఆడకూలీలు చనిపోయారు. అదే ఏడాది జూన్ 24న యాదాద్రి భువనగిరి జిల్లా వేములకొండ దగ్గర ఇంకో ట్రాక్టరు మూసీ కాలువలో పడి 15 మంది పోయారు, అందులో అత్యధికులు ఆడకూలీలే. ఇలాంటిచోట ఎదుటి బండి లేదు, ఎదుటి బీమా లేదు. ట్రాలీ మనుషులకు కాదు, సరుకుకు అంటారు. సరుకు యజమానికీ, ఆ బండిమీద పనిచేసే జీతగాళ్ళకూ తప్ప మిగతావాళ్ళకు బీమా వర్తించదంటారు. అంటే వడ్లబస్తాతో పాటు ఎక్కిన ఆసామికి రక్షణ వుంది, ఆ వడ్లు కోయబోయే కూలిమనిషికి లేదు! ఇటువంటి కేసుల్లో ముఖ్యమంత్రులు ప్రకటించే ఎక్స్‌గ్రేషియా దయ కింద లెక్క. దయ ఈ ప్రమాదానికి వుంటుంది, ఆ ప్రమాదానికి వుండదు. పరిహారం హక్కు.

ఇంకొకటి. 1988 మోటారు చట్టంలో, ఎవరి తప్పని అడగకుండా వెంటనే ఇచ్చే మొత్తం కొంత వుండేది: చనిపోతే 50,000, శాశ్వతంగా అవిటితనం వస్తే 25,000. బాధితుడి తప్పున్నా అందులో తగ్గించరాదని రాశారు. ఆ పైన పూర్తి పరిహారానికి వేరే పోరాడవచ్చు. 2019 సవరణ 2022 ఏప్రిల్ 1 నుంచి అమలుకు వచ్చి దాన్ని ఎత్తివేసింది. ఇప్పుడు 164 సెక్షన్ కింద చనిపోతే 5 లక్షలు, తీవ్రంగా గాయపడితే రెండున్నర లక్షలు. తప్పు అడగరు. మొత్తం పెరిగింది, మంచిదే. కాని అది పుచ్చుకుంటే 166 సెక్షన్ కింద పూర్తి పరిహారానికి వేసిన పిటిషన్ రద్దవుతుంది. చిన్న మొత్తంతో సరిపెట్టుకుంటే నీ తప్పు అడగము, నీకు న్యాయంగా రావలసింది అడిగితే తప్పులు వెతుకుతాము అన్నట్టుంది ఇది.

దెబ్బతగిలిన రోజునుంచే చేయవలసినవి

కేసు కోర్టులో ఓడేముందే పోలీసుస్టేషనులో ఓడిపోతున్నాం. అందుకని ప్రతి గ్రామంలోని కార్యకర్తలు ఇవి గుర్తుంచుకోవాలి.

ఎఫ్‌ఐఆర్‌లో రెండు బండ్ల నెంబర్లూ, నిలిపివుంచిన బండికి లైట్లు లేని సంగతీ రాయించాలి. బండ్లు తీసివేయకముందే ఫోటోలు తీయించాలి. బయటపడ్డ కూలీల వాంగ్మూలం పోలీసులు తీసుకునేలా చూడాలి.

పిటిషన్‌లో రెండు బండ్ల యజమానులనూ రెండు బీమా కంపెనీలనూ చేర్చాలి. ఒకరిని వదిలితే రెండోవాడు ఆ సందులోంచి జారిపోతాడు. ప్రమాదం జరిగినచోటే వేయనక్కర లేదు, మనం వుండే ప్రాంతపు ట్రిబ్యునల్‌లోనూ వేయవచ్చు.

ఆరునెలల్లో పిటిషన్ వేయాలని 2022 నుంచి గడువు పెట్టారు. ఆ సంగతి తేలేదాకా ఆలస్యం పేరుతో పిటిషన్లు కొట్టివేయవద్దని 2025 నవంబరులో సుప్రీంకోర్టు మధ్యంతరంగా ఆదేశించింది. అయినా దాన్ని నమ్ముకొని కూర్చోవద్దు. ఆరునెలలు దాటనివ్వకండి.

ఆడవాళ్ళకూ, దళితులకూ, గిరిజనులకూ ఆదాయంతో పనిలేకుండా జిల్లా న్యాయసేవా సంస్థ ద్వారా వకీలును ఉచితంగా ఇవ్వాలని 1987 చట్టం వుంది. వచ్చినదాంట్లో మూడోవంతు నాదనే వకీలు దగ్గరికి పరుగెత్తే ముందు ఆ గుమ్మం తొక్కండి.

లోక్ అదాలత్‌లో సంతకం పెట్టేముందు లెక్క వేయించుకోండి. "తప్పులో వాటా" అని తగ్గిస్తే, ఎవరి తప్పు, ఏ సాక్ష్యంతో అని అడగండి. రాజీ చెడ్డదని మేము అనము. లెక్క తెలిసి పడే రాజీ వేరు, అలసిపోయి పడే రాజీ వేరు.

మేము కోరేది

కూలీలను పొలానికి తీసుకుపోయే ప్రయాణం పనిలో భాగమే. పనికి పోయే దారిలో జరిగిన ప్రమాదం కూడా పనితో సంబంధం వుంటే పని ప్రమాదమేనని 2025 జులైలో ఒక కాపలాదారు కేసులో సుప్రీంకోర్టు అన్నది. ఈ సూత్రం వ్యవసాయ కూలీలకు, మేస్త్రీ తోలే బండ్లకు వర్తించేలా ప్రభుత్వాలు చట్టంలో రాయాలి. ట్రాక్టరు బీమాలో ట్రాలీలో పోయే కూలీలను చేర్చాలి, ఆ ప్రీమియం భారం ఒకటి రెండెకరాల చిన్నరైతు మీద పడకుండా ప్రభుత్వం భరించాలి. పర్మిట్టుకు మించి ఎక్కారన్న పేరుతో ఏ కూలీకి పరిహారం ఆగకూడదు. కంపెనీ ముందు కట్టి తర్వాత రాబట్టుకోవాలి. నాట్లకాలంలో, మిరపకోతల కాలంలో తెల్లవారుఝామున పల్లెలకు బస్సులు నడపాలి. బస్సు వుంటే ఆటో వెనుక కాళ్ళు వేలాడేసుకోవాలని ఎవరికి సరదా?

ఆ చేయి లేవని మనిషి ఇప్పటికీ మా సభలకు వస్తుంది. మిరపకోతలకు పోలేదు; ఎడమచేత్తో బీడీలు చుట్టడం చేతకాలేదు; రెండు మేకల్ని కాస్తోంది. ఆనాటి ప్రశ్న మళ్ళీ అడగలేదు. మేము మాత్రం ప్రతి వూళ్ళో, ఆటోల దగ్గర నిలబడ్డ కూలీలకు ఆమె ప్రశ్న నేర్పుతున్నాం. రేపు ఎవరన్నా "అంతమంది ఎందుకెక్కారు?" అంటే తలవంచుకోకండి. "ఎక్కించిందెవరు? చీకట్లో లారీ నిలబెట్టిందెవరు? మా వూరికి బస్సు లేకుండా చేసిందెవరు?" అని ఎదురు అడగండి. తప్పుల లెక్క అక్కడినుంచి మొదలుపెట్టమనండి.